సాక్ష్యం చెప్పిన నడుము

కాస్త తెరిపివ్వగానే తొందరపడి, ప్రార్థనతో నడుంనొప్పి పోయిందని సీమోను చర్చిలో సాక్ష్యం చెప్పేశాడు. పదేళ్ళు చేపల చెరువుల్లో వల లాగిన నడుము మూడోరోజే మళ్ళీ పట్టేసింది. ఇక సొంతూరు ఆకివీడులో మందులషాపు మెట్లెక్కితే నవ్వులపాలే. బస్సెక్కి ఉండి అనే ఊరు వెళ్ళి నొప్పిబిళ్ళలు తెచ్చుకునేవాడు. రోజుకొకటి కాస్తా నాలుగయ్యాయి. మానేద్దామంటే ఒళ్ళంతా వణుకు.

ఈలోగా అదే చర్చికొచ్చే, మోకాళ్ళు పట్టేసిన ముసలి దానమ్మ వచ్చి సీమోను అరుగు మీద కూలబడింది.

"నీకు తగ్గించిన దేవుడు నాకు తగ్గించడా? ప్రార్థన చెయ్యి నాయనా."

తనవల్ల కాదని ఎంత చెప్పినా కదల్లేదు. విసుగెత్తి, ప్రార్థన చేసి, తన బిళ్ళొకటి మింగించి పంపాడు.

ఆదివారం దానమ్మ సాక్ష్యం చెప్పింది. బిళ్ళ మాట ఎత్తలేదు.

సోమవారం పొద్దున్నే మళ్ళీ గుమ్మంలో ఉంది. సీమోను పళ్ళు నూరుకుంటూ కళ్ళు మూసుకున్నాడు.

"ప్రార్థన వద్దులే నాయనా," అంది. "ఆ బిళ్ళే ఇవ్వు."