మొదటిదీ ఆఖరిదీ

"చపాతీలు మెత్తగా ఉండాల. పోయినేడు చలికి అట్టల మాదిరి అయిపోయినాయని భానుచందర్ ఇప్పటికీ నవ్వతా ఉంటాడు," అని చెప్పి మా ఆయన మునికుమార్ స్నానానికి వెళ్ళాడు. నేను పిండిలో ఇంకాసిని వేణ్ణీళ్ళు పోసి పిసికాను. పోయినేడు ఆ అట్టలు తిన్న మగవాళ్ళు, అంటే మా ఆయనా భానుచందర్ లాంటి ఆయన స్నేహితులూ, తెల్లవార్లూ ఆకాశం చూశారు. చేసినదాన్ని నేను ఇంట్లో పడుకుని ఫ్యాను చూశాను.

ఏటా మార్చి అమావాస్యకు పలమనేరు అవతల మా మామ పొలంలో జరిగే పండగ ఇది. రెండొందల యాభై ఏళ్ళ కిందట ఫ్రాన్సులో మెస్సియర్ అని ఒకాయన తోకచుక్కల కోసం వెతికేవాడు. వెతుకుతుంటే తోకచుక్కల్లాగే మసగ్గా కనబడి ఏమార్చేవి కొన్ని తగిలేవి. గెలాక్సీలు, నక్షత్ర గుచ్ఛాలు, నీహారికలు. వాటితో మళ్ళీ పొద్దు పోగొట్టుకోకూడదని నంబర్లు వేసి పట్టీ రాసి పెట్టాడు. తర్వాతివాళ్ళు కలిపినవాటితో నూటపది అయ్యాయి. ఆయనకు అడ్డమొచ్చినవాటినే ఇప్పుడు లోకమంతా వెతుక్కుని చూస్తోంది. అన్నిటినీ ఒకే రాత్రిలో చూడగలిగేది ఈ మార్చి అమావాస్య చుట్టుపక్కల రోజుల్లోనే.

ఆ రాత్రి చూడాల్సినవాటిలో మొదటిది డెబ్బై నాలుగో నంబరు గెలాక్సీ. పొద్దు గూకిన కాసేపటికే పడమట దిగిపోతుంది. ఆఖరిది ముప్ఫయ్యో నంబరు గుచ్ఛం. తెల్లారబోయే ముందు తూర్పున కాసేపు కనబడి వెలుగులో కలిసిపోతుంది. అంటే ఒకటి దీపం పెట్టే వేళ, ఇంకొకటి కళ్ళాపి చల్లే వేళ. ఆకాశం కూడా మా అత్తతో కూడబలుక్కుందేమో అనిపిస్తుంది నాకు.

టెలిస్కోప్ నాది. తిరుపతిలో ఎమ్మెస్సీ ఫిజిక్స్ పాసైనప్పుడు మా నాయన కొనిచ్చాడు. పెళ్ళయ్యాక అది చుక్కల సారు టెలిస్కోప్ అయింది. చుక్కల సారంటే మా ఆయనే. కాలేజీలో పాఠం చెబుతాడు, ఊళ్ళో అందరూ అలాగే పిలుస్తారు. ఈసారి నేనూ పొలానికి వస్తానన్నాను. "వచ్చేదానికేముండాది, రా. కానీ ఆడ బాత్రూం లేదు. అందరూ మొగోళ్ళు, నీకే ఇబ్బంది," అన్నాడు. నేను వదల్లేదు. చివరికి, "సరే, మొదటిది మన మిద్దె మిందనే పట్టేస్తాం. అది నువ్వే చూడు, సరేనా," అన్నాడు. ఆ ఒక్కటి. పెళ్ళయినప్పటి నుంచి నా కంటికి సొంతంగా దక్కబోయేది ఆ ఒక్కటే, అదీ ఆయన ఇచ్చాడు గనక.

మాది ఊరి చివర ఇల్లు, ఆ తర్వాత మల్బరీ తోటలే. చీకటి పడుతుండగా ఆయన మిద్దె మీద టెలిస్కోప్ పెట్టి ఫోన్ మాట్లాడుతూ పిట్టగోడ దగ్గరికి వెళ్ళాడు. నేను మీనరాశిలో వెతికాను. ఆ గెలాక్సీ సూటిగా చూస్తే కనబడదు. చూపు కాస్త పక్కకు తిప్పి, చూడనట్టు చూడాలి. ఈ ఇంట్లో ఏళ్ళ తరబడి అలాగే చూస్తున్నాను గనక నాకు కష్టం కాలేదు. అద్దం మీద ఆవిరి అంటినట్టు ఏదో తేలింది.

"దొరికింది," అన్నాను.

అంతలో కింద నుంచి మా అత్త పంకజాక్షి గొంతు. "దీపం పెట్టే యాళ మిద్దె మింద ఏం పని మే? వచ్చినోళ్ళకు కాఫీ ఎవురిస్తారు?" మెట్ల మీది లైటు కూడా వేసింది. ఆ వెలుగుకు నా గెలాక్సీ పోయింది. నేను కిందికి వచ్చి దీపం పెట్టాను, కాఫీ కలిపాను.

కాఫీలు పట్టుకుని వరండాలోకి వెళ్ళేసరికి ఆయన చెబుతున్నాడు. "మొదటిది పట్టేసినానబ్బా భానుచందర్, మిద్దె మింద నుంచే."

ఇందాక మా వెంట మిద్దె ఎక్కిన, ఆరో తరగతి చదివే నా కూతురు జాహ్నవి ఊరుకోలేదు. "నాయనా, చూసింది అమ్మ గదా. నువ్వు ఫోన్‌లో మాట్లాడతా ఉన్నావు."

"మీ అమ్మ చూస్తే నేను చూసినట్టు కాదా బంగారూ? మేం ఇద్దరం వేరేవేరేనా?"

"అంతే గదప్పా," అన్నాడు భానుచందర్. అందరూ నవ్వారు. పళ్ళెం పట్టుకుని నేనూ నవ్వాను. ఆ నవ్వు తలుచుకుంటే ఇప్పటికీ నా మీద నాకే అసహ్యం వేస్తుంది.

వాళ్ళు జీపులో వెళ్ళాక గిన్నెలు తోముతూ ఆ మాటే అటూ ఇటూ తిప్పి చూశాను. పెళ్ళయిన కొత్తలో నేను గిన్నె అడుగు గీక్కుంటుంటే మా అత్త అనేది, వాడు తింటే నువ్వు తిన్నట్టే గదమ్మా అని. ఆయనకు ప్రమోషన్ వస్తే నాకు వచ్చినట్టే. నేను చూస్తే ఆయన చూసినట్టే. నాకు జ్వరమొస్తే మాత్రం అది నాదే.

కళ్ళాపి చల్లే వేళకు జీపు తిరిగి వచ్చింది. "నూటాతొమ్మిది. ఆఖరిది మంచులో ఎవురికీ దొరకదులే," అంటూ టెలిస్కోప్‌ను వాకిట్లో దించి లోపలికి వెళ్ళి సోఫాల్లో కూలబడ్డారు. నేనింకా వాకిట్లో లైటు వేయలేదు. తూర్పున మల్బరీ తోట మీద మంచు కొంచెం విడింది. ముగ్గు గిన్నె కింద పెట్టి, చెయ్యి కొంగుకు తుడుచుకుని, టెలిస్కోప్ అటు తిప్పాను. మకరరాశి తోక దగ్గర, చిటికెడు ముగ్గుపిండి జారిపడినట్టు, చిన్నగా, గుండ్రంగా కనబడింది.

దొరికింది అనే మాట నాలుక చివరి దాకా వచ్చింది. అంటే పరిగెత్తుకొస్తారు. నూటపదీ ఆయనవవుతాయి, మా వాకిట్లో పట్టినానని ఏడాదంతా చెప్పుకుంటాడు. అనకపోతే నేను చూశానని ఎవరికీ తెలియదు. కొన్నాళ్ళకు నాకే నమ్మకం పోతుంది. ఏ వైపు చూసినా నాకు మిగిలేదేమీ లేదు. కన్ను తీయకుండా, వెలుగొచ్చి అది కరిగిపోయే దాకా చూశాను.

"ఏమే, ఆడ ఏం చేస్తా ఉండావు?" లోపలి నుంచి ఆయన.

టెలిస్కోప్‌కు మూత పెట్టి, ఆయన దించినప్పుడు ఎటు తిరిగి ఉందో అటే తిప్పి పెట్టాను.

"ముగ్గేస్తా ఉండాను," అన్నాను.