రాక్షసుడికి నా గొంతు

మా అక్క కూతురు సాయిలత కామారెడ్డిలో కంప్యూటర్ మీద బొమ్మల సీరియల్ చేస్తోంది. పనికిరారని కోటలోంచి గెంటేసిన వాళ్ల కథ అది. ఎగరలేని గద్ద, మంత్రాలు మరిచిపోయే మంత్రగత్తె, ఎవరూ భయపడని రాక్షసుడు. ఆ రాక్షసుడికి నా గొంతు కావాలంది.

"గెంటేసినోడు అంటే నేనే యాదికొచ్చిన్నా బిడ్డా?"

ఐదో తరగతిలో బడి మానేసి, ముప్పై ఏళ్లుగా ఎల్లారెడ్డి బస్టాండు ముందు ఆటోల్లోకి జనాన్ని పిలుస్తున్నాను. ఈ గొంతును మెచ్చుకున్నవాడు లేడు.

"గట్టిగ గర్జించు మామా," అంటూ మైకు పెట్టింది. అలవాటుకొద్దీ నోట్లోంచి, "కామారెడ్డి, కామారెడ్డి, ఇంకొక్కలే" అని వచ్చింది.

"అది తీసెయ్ బిడ్డా. నవ్వుతరు."

తీసెయ్యలేదు. ఆదివారం అక్క ఇంట్లో టీవీలో మొదటి భాగం వేసింది. కోట తలుపులు మూసుకున్నాయి. అందరూ తలో దిక్కు పోతుంటే కొండ మీంచి నా కేక వినిపించింది. ఇంట్లో అందరూ ఘొల్లున నవ్వారు. నేను లేచి చెప్పులేసుకున్నాను.

తెర మీద గద్ద ఆగింది. మంత్రగత్తె వెనక్కి తిరిగింది. ఇద్దరూ పరుగున వచ్చి రాక్షసుడి వీపెక్కారు. నవ్వులు ఆగిపోయాయి.

అక్క టీవీ మీంచి చూపు తిప్పకుండానే పక్కకు జరిగింది. "ఏడికి పోతవ్ తమ్మీ, కూసో. ఇంకొక్కలకు జాగ ఉన్నది."