పసుకు కింద పోయిన లాఠీ

నేను ఒక లాఠీని. ఉలిక్కిపడకండి, ఇప్పుడు నేను ఎవరినీ ఏమీ అనను. ఆ మాటకొస్తే అప్పుడూ పెద్దగా అన్నది లేదు. పదకొండేళ్ల సర్వీసులో నా దెబ్బ రుచి చూసినవాళ్లు ఇద్దరే: ఒకటి పిచ్చికుక్క, రెండు దాన్ని కొట్టబోయి తన మోకాలు తనే పగలగొట్టుకున్న మా కానిస్టేబుల్ పైలా వరహాలు.

నేను పుట్టింది ఏజెన్సీలో, చింతగొంది కొండ మీది వెదురు పొదలో. పక్కనే కొర్రా సొన్నాయి వాళ్ల మెట్ట చేను. గాలికి ఊగుతూ ఆమె సామలు కోయడం, చేలో పడ్డ మేకల్ని ఏడు తరాలు కలిపి తిట్టడం చూస్తూ పెరిగాను. ఒకరోజు ఎవరో నన్ను నరికి, లారీలో మైదానానికి తోలి, సెగ చూపించి, నూనె పట్టించి, కింద ఇనుప పొన్ను తొడిగారు. అంత హంగు చేశాక ఏ ఊరేగింపుకో పంపుతారనుకున్నాను. వరహాలుకి ఇచ్చారు. ఆయన నాతో వీపు గోక్కున్నాడు, తడి బనీను ఆరేసుకున్నాడు, స్టేషను వెనక చింతకాయలు రాల్చుకున్నాడు.

ఇలా ఉండగా కాండ్రేగుల జోగారావు అనే బెల్లం వ్యాపారి, సొన్నాయి చేను తన తాత కొన్నాడంటూ ఓ పాత కాగితం పట్టుకుని హైకోర్టుకెళ్లాడు. "నా భూమిలోకి నన్ను రానివ్వడం లేదు, పోలీసు రక్షణ ఇప్పించండి" అన్నాడు. కోర్టు మొదట సరేనంది. సొన్నాయి తరఫున పాడేరు వకీలు ఒకాయన అప్పీలు వేశాడు గానీ, అది తేలేలోపే వరహాలు, నేను చేను కాపలాకి దిగాం. నన్ను పుట్టినచోటికే కాపలాకి తెచ్చారన్నమాట! మా వెదురు పొద నన్ను చూసి మొహం తిప్పుకుంది. సిగ్గుతో చచ్చిపోయాను.

సరిగ్గా అప్పుడే ఇటుకల పండగ, అంటే కొండవాళ్ల విత్తనాల పండగ వచ్చింది. మగవాళ్లు వేటకని కొండెక్కుతారు. ఇంటింటి విత్తనం ఊరి దేవుడి దగ్గర పెట్టి పూజ చేస్తారు. ఆ విత్తనం పండగ వెళ్లేలోగా ఎవరి చేలో వాళ్లు చల్లాలి. చల్లకపోతే ఆ ఏడు ఆ చేను బీడే. చేను బీడు పడితే జోగారావు ట్రాక్టరు దించి, దున్నుతున్నది నేనే చూడండి అని చూపించుకుంటాడు. సొన్నాయికి ఉన్నది ఆ ఒక్క నేల చెక్కే.

ఆఖరి రోజు పొద్దున్నే ఆమె విత్తనాల బుట్టతో వచ్చింది. వరహాలు నన్ను అడ్డం పెట్టాడు.

"ఓలప్పా, నాను సెప్పింది ఇను. పైనుంచి ఆర్డరు. నానేటి సేసేది?"

"నా సేలో నన్ను ఆపడానికి నువ్వెవుడివి బాబూ? నీకేటి తెలుసు, ఈ గట్టు నా అత్త ఏసింది!"

ఆమె కళ్లు తుడుచుకుని వెనక్కి తిరిగింది. పదకొండేళ్లలో నాకు నా మీద అంత అసహ్యం ఎప్పుడూ వేయలేదు. వరహాలుకీ మింగుడు పడలేదు. ఆయనకి మింగుడు పడనప్పుడల్లా ఆకలేస్తుంది. టిఫినుకని కొండ దిగాడు.

అక్కడే బోల్తా కొట్టాడు. ఆ పండగలో ఆడవాళ్లు దారికి అడ్డంగా కర్ర పట్టుకుని నిలబడతారు. వచ్చేపోయేవాళ్లు 'పసుకు' ఇవ్వాలి, అంటే పండగ మామూలు. ఇవ్వనిదే ఎంతటివాడినైనా కదలనివ్వరు. వరహాలు జేబులన్నీ తడుముకున్నాడు.

"ఫోన్లో కొట్టేత్తానమ్మా!"

"సిగ్నలేదీ? చెట్టెక్కి కొట్టు!" అని ఆడవాళ్లు విరగబడి నవ్వారు. తాకట్టు కింద ఏదైనా ఇచ్చి పొమ్మన్నారు. పాపం, టోపీ ఇవ్వలేడు, ప్యాంటు అసలే ఇవ్వలేడు. నన్నిచ్చి ఇడ్లీలకి పరుగెత్తాడు.

వాళ్ల పాత కర్ర అవతల పారేసి నన్నే దారికి అడ్డం పట్టారు. ఒక కొస సొన్నాయి చేతిలో. కాసేపటికి ఎస్సైగారి జీపు వచ్చింది. ఎస్సైగారు నన్ను ఎగాదిగా చూశారు, నవ్వాపుకున్నారు, బుద్ధిగా పసుకు ఇచ్చి దిగారు. వెనకే ట్రాక్టరు మీద జోగారావు.

"ఎస్సైగారూ, చూడండి ఈ దౌర్జన్యం! నాకు పోలీసు రక్షణ ఉంది!"

"ఉండేదండీ," అన్నారు ఎస్సైగారు కాగితం తీస్తూ. "ఆ ఉత్తర్వు నిన్న అప్పీల్లో కొట్టేశారు. ఏజెన్సీలో భూమి ఎవరిదో తేల్చడానికి వేరే అధికారి ఉన్నారు. అది తేలకుండా పోలీసుల్ని పంపి ఒకరి పక్షాన నిలబెట్టడం తన పని కాదంది కోర్టు. అందాకా సాగులో ఉన్నవాళ్ల జోలికి ఎవరూ పోకూడదు. ట్రాక్టరు తిప్పండి."

"మరి వీళ్లు పోలీసు లాఠీ పెట్టి నన్ను ఆపేశారే!"

"మీరడిగిందదేగా, పోలీసు లాఠీ!"

నా జన్మలో అంత నవ్వు వినలేదు. జోగారావు ట్రాక్టరు తిప్పుకోలేక, ఆ ఇరుకు దారిలో కొండ కిందిదాకా వెనక్కే నడుపుకుంటూ పోయాడు.

సొన్నాయి నన్ను వదల్లేదు. ఒక చేతిలో నన్ను, ఇంకో చేతిలో విత్తనాల బుట్టను పట్టుకుని చేలోకి పరుగెత్తింది. పొన్ను దిగేలా నేలలో పొడిచి, ఆ గుంటలో నాలుగు కందిగింజలు వేసి, మడమతో మట్టి నొక్కింది. మళ్లీ పొడిచింది. పొద్దుగూకేదాకా పొడుస్తూనే ఉంది, ఏడుస్తూ, నవ్వుతూ, మధ్యమధ్యలో మేకల్ని తిడుతూ.

భూమి ఎవరిదో ఆ అధికారి ఇంకా తేల్చలేదు. తేల్చేదాకా ఆమె భయం ఆమెకుంది. వరహాలు మాత్రం నెలకోసారి నాకోసం వస్తాడు. "పసుకిచ్చి పట్టుకుపో" అంటుంది సొన్నాయి. ఆయన జేబులు తడుముకుని, కందికాయలు ఒలుచుకు తిని, ఫోను పైకెత్తి చూసుకుంటూ దిగిపోతాడు. మొన్న ఎస్సైగారు ఆయన చేతికి చిల్లర ఇచ్చి మరీ పంపారు. దారిలో ఇడ్లీ తినేసి వచ్చాడు.