మెట్ల మీద చెప్పులు

స్టవ్వు మీద టీ నీళ్ళు పడేసి, చీపురు పట్టుకుని పిన్ని ప్రార్థనామందిరం ముందుకు వచ్చేసరికి మెట్ల మీద నాలుగు జతల చెప్పులు వరసగా ఉన్నాయి. తలుపుకి ఎప్పటి తాళమే. లోపల మాత్రం పాట, డబ్బా మీద దరువు.

ఆమె తల కొట్టుకుంది. వెనక కిటికీ ఎక్కి దొంగల్లా దూరిన పిల్లలు చెప్పులు మాత్రం బుద్ధిగా ముందు మెట్ల మీద విడిచారు. ఎంతైనా పెంపకం.

ముందు వరసలో ఎవరు కూర్చోవాలని పెద్దలు కొట్టుకుని, మందిరానికి తాళం వేసి చాలాకాలమైంది. బల్లలు, దీపాలు పట్టుకుపోయి గోడల్నీ పిన్నినీ వదిలేశారు. కాపలావాడి పెళ్ళాంగా వచ్చి, అతను పోయాక తనే కాపలాకు నిలిచి, పక్కగదిలోనే ఆమె జుట్టు నెరిసింది. ఎవరేమన్నా "సరేనండీ" అనడమే అలవాటు. పిల్లలవి ఇరుకిళ్ళు, గొంతెత్తితే పక్కింటివాళ్ళు గోడ బాదుతారు, అందుకే పాటలకి ఇక్కడ చేరతారు. వాళ్ళొచ్చాకే తను ఊడ్చేది ఎవరికోసమో ఆమెకు తెలిసింది. ఒంటరిగా ఉన్న దేవుడికీ ఈ చప్పుడు మంచిదేనని ఆమె నమ్మకం.

చెప్పులు తీసేలోపే సంఘం అధ్యక్షుడి కారు ఆగింది.

"ఎవరివివి?"

"నావేనండి."

"నాలుగు జతలా?"

"కాళ్ళనొప్పులండి. మార్చి మార్చి వేసుకుంటాను."

లోపల దరువు జోరందుకుంది. ఆయన మొహం జేవురించింది. "ఎలా దూరారు? పగలగొట్టి దూరుంటే పోలీసులకి పట్టిస్తాను. ఒక్కడికీ ఉద్యోగం రాదు."

పిన్నికి భయం వేసింది. సిగ్గు మాత్రం వెయ్యలేదు. మొలలోని తాళంచెవి తీసి తలుపు బార్లా తెరిచింది.

"ఇలాగేనండి. నేనే రమ్మన్నాను, నేనే తీశాను. చప్పుడు బయటికి రాకుండా మళ్ళీ వేశాను."

బూట్లు విప్పడానికి బద్ధకించి ఆయన లోపలికి వెళ్ళలేదు. గుమ్మంలోంచే అరిచాడు.

"తిన్నింటి వాసాలు లెక్కపెడతావా?"

"లెక్కపెట్టడానికి వాసాలేవండీ? చెదలు తినేశాయి."

"సాయంత్రానికి గది ఖాళీ చెయ్యి."

ఆమె సరేననలేదు. తాళంచెవి ఆయన చేతిలో పెట్టి, పిల్లల వైపు తిరిగింది. అందరిలోకీ పొట్టి పిల్ల ఏడుస్తోంది.

"మావల్లే కదా, పిన్నీ."

"ఏడవకు. పాట మానారో, వెతుక్కుంటూ వచ్చి మొట్టికాయలు వేస్తాను."

సాయంత్రం ఆమె మూట, స్టవ్వు ఆటో ఎక్కాయి, చెల్లెలింటికి. అధ్యక్షుడు ముందు తలుపుకి రెండో తాళం వేయించి నిశ్చింతగా వెళ్ళిపోయాడు. మందిరం వెనక, కిటికీ కింద, పొట్టి పిల్లకి కూడా అందేలా గోడకు చేరేసి, పిన్ని ముక్కాలిపీట ఉంది.