అరసున్న

పొద్దున్నే లాండ్రీ తలుపులు తీయగానే ఆమె రోలరు ముందు నిలబడేది. తడి దుప్పటి అంచును రెండు చేతులా సాగదీసి వేడి రోలరు నోటికి అందించడం ఆమె పని. అవతల ఇస్త్రీ అయి వచ్చినదాన్ని మడతపెట్టడం ఆమె ఆడపడుచు పని.

ఆమె ఏం చేసినా చప్పుడుండదు. బకెట్టు జారవిడిచినా మోగదు, తుమ్మినా వినపడదు. మాట్లాడితే పెదాలు చూసి తెలుసుకోవాలి. ఎవరూ దీన్ని వింత అనుకోలేదు. చూసే తీరికా ఎవరికీ లేదు. అందరూ ఆమెని అరసున్న అనేవారు.

ఆ రోజు మాసిన బట్టలు తెచ్చిన కొత్త వ్యాను డ్రైవరు ఆ పేరు విని, లాండ్రీ మేస్త్రీతో, "అదేం పేరు మేస్త్రీ?" అన్నాడు.

మేస్త్రీకి హుషారొచ్చింది. డ్రైవరుతోపాటు రోలరు వైపు వీపు పెట్టి నిలబడ్డాడు. "నేనే పెట్టా. పాత పుస్తకాల్లో అరసున్న ఉండేది చూడు, రాస్తారు గానీ పలకరు. ఈవిడా అంతే."

"ఆహా, పెట్టావులే!" ఆడపడుచు మడత వదిలేసి వచ్చింది. "మా అమ్మ పెట్టింది. కాపురానికొచ్చిన రోజే, 'ఇది సున్నా కూడా కాదే, అందులో సగం' అంది. ఆ పేరు పడ్డాకే వదిన గొంతు పోయింది."

"గొంతు పోయాక పేరొచ్చిందా, పేరొచ్చాక గొంతు పోయిందా?" డ్రైవరు పగలబడి నవ్వాడు.

వాళ్ల వెనక, దుప్పటి అంచుతోపాటు ఆమె వేళ్లు రోలరులోకి పోయాయి. ఆమె అరిచింది. మేస్త్రీని పిలిచింది. ఆడపడుచును పేరుపెట్టి పిలిచింది. ఆఖరికి అమ్మను పిలిచింది. రోలరు ఆపే ఎర్ర మీట మేస్త్రీ మోచేతి పక్కనే ఉంది. ఎడంచెయ్యి చాచింది. అందలేదు.

తల తిప్పితే చాలు. ముగ్గురిలో ఒక్కరికీ ఆ బుద్ధి పుట్టలేదు.

"మీ అమ్మకి అక్షరమ్ముక్క రాదు, అరసున్న ఏం తెలుసమ్మా?" మేస్త్రీ గొంతు పెంచాడు.

"మా అమ్మనంటే ఊరుకోను... అయ్యో, మాడు వాసన! దుప్పటి కాలుతున్నట్టుంది!"

అప్పుడు తిరిగారు.

ఆసుపత్రిలో చెయ్యి మోచేతిదాకా తీసేశారు. నర్సు మంచం పక్కన నిలబడి, "పేషెంటు పేరు?" అంది.

ఆడపడుచు ముందుకొచ్చి చెప్పింది. "అరసున్న అంటామండీ."

"అసలు పేరు?"

"నేను వదినా అనే పిలుస్తాను. పేరెక్కడ గుర్తుంటుందండీ?"

నర్సు కట్టువైపు చూసింది. "సగం చెయ్యి లేదనా, అరసున్న?"

"అవునండీ," ఆడపడుచు ఊపిరి పీల్చుకుంది. "అందుకే."

మంచం మీద ఆమె తన పేరు చెబుతోంది. మళ్లీ చెబుతోంది. నర్సు తలవంచి రాసుకుంటోంది.