కన్ను తీసిన షాటు

సినిమావాళ్ళంతా ఆ కెమెరామన్‌ని కిటికీగారనే పిలిచేవారు. ఎంత పెద్ద సెట్టు వేయనీండి, లారీడు లైట్లు దింపనీండి, ఆయన చేసేది ఒక్కటే: ఓ పక్క కిటికీలోంచి వెలుగు రానిచ్చి, తక్కినవన్నీ ఆర్పించేయడం. ముఖంలో సగం వెలుగు, సగం నీడ. ఓ నిర్మాత లబోదిబోమన్నాడు, "హీరోకి పూర్తి పారితోషికం ఇచ్చానండీ, మీరేమో సగం ముఖమే చూపిస్తారు!" "మిగతా సగం జనం ఊహించుకుంటారు, అది ఉచితం" అన్నాడీయన. చెప్పొద్దూ, జనం ఊహించుకున్నారు. ఆ నీడలతోనే ఆయనకు పేరొచ్చింది.

ఆయనకు ఇంకో పట్టుదల ఉంది. పాత రీలు కెమెరా వెనక చూసుకోవడానికో రంధ్రం ఉంటుంది. కెమెరా తిరుగుతున్నంతసేపూ కన్ను దానికి అంటుకునే ఉండాలి. కన్ను తీశామా, అందులోంచి వెలుతురు దూరి ఫిల్ము తెల్లగా మసకబారిపోతుంది. పని నేర్పిన మేనమామ ఈ ముక్కను నెత్తిమీద మొట్టి మరీ చెప్పాడు. ఒకసారి షూటింగు పక్కనే పిడుగు పడింది. అందరూ తలో దిక్కూ పరిగెత్తారు, ఈయన మాత్రం కన్ను తీయలేదు. ఇంటికొచ్చి ఆ సంగతి చెబితే భార్య చేతులు జోడించింది, "నన్నయినా రెండు కళ్ళతో చూడండి మహాప్రభో!" అప్పటికింకా చిన్నపిల్లయిన కూతురు పక్కనుంచి పడీపడీ నవ్వింది.

పొగడ్త మాత్రం ఆ నోట్లోంచి ఊడిపడదు. ఎంతటివాళ్ళు నటించినా, షాటు అయ్యాక "వచ్చింది" అంటాడు. అంతే. అదేం పిసినారితనమో!

అలాంటి మనిషి కెమెరా ముందుకు ఆ కూతురే వచ్చి నిలబడింది. పళ్ళ డాక్టరు దగ్గర పని చేస్తూ, సాయంత్రాలు నాటకాలాడే పిల్ల. రీలు మీదే సినిమా తీస్తానని మొండికేసిన ఓ కుర్ర దర్శకుడు ఆమెను ఎంచుకున్నాడు.

షూటింగుకి వెళ్తూ కారులో అంది. "నాన్నా, నీ కూతుర్నని అందరూ బాగుందనే అంటారు. నాకు నీ మాట కావాలి. నాకు నటన రాదనిపిస్తే మొహమాటపడకు. సోమవారం పళ్ళ డాక్టరు దగ్గరికి వెళ్ళిపోతాను. అంతేగానీ 'వచ్చింది' అన్నావంటే ఊరుకోను."

"చూద్దాంలే" అన్నాడు, గుండెలో రాయి పడ్డా పైకి తేలనీయకుండా.

సన్నివేశంలో మాటల్లేవు. చనిపోయిన అన్న చొక్కాలను చెల్లెలు మడతపెట్టాలి. ఒక్క కిటికీ వెలుగు. ఆమె ఒక్కొక్కటే మడిచింది. చివరి చొక్కాకి మెడ దగ్గర బొత్తాం పెట్టి, బడికెళ్ళే పిల్లాడికి సర్దినట్టు కాలరు సర్ది, కొంచెం నవ్వింది. అలా చేయమని ఎవరూ చెప్పలేదు. ఆయనకు ఆ పిల్లను రెండు కళ్ళతోనూ చూసుకోవాలనిపించింది, చూశాడు. తలెత్తేశానని గుర్తొచ్చి చప్పున మళ్ళీ వంగేసరికి దర్శకుడు "కట్" అన్నాడు.

ఇన్నేళ్ళలో ఎన్నడూ చేయని తప్పు. అందరూ తనవైపే చూస్తుంటే, ఆ సిగ్గులో అలవాటుగా వచ్చే మాటే వచ్చింది.

"వచ్చింది."

కూతురు ముఖం వాడిపోయింది. ఇంటికి వెళ్ళేదాకా కారులో బయటికే చూస్తూ కూర్చుంది.

సోమవారం ల్యాబువాళ్ళు కబురు చేశారు, షాటు చివర తెల్లగా పోయిందని. ఆఫీసులో దర్శకుడు కెమెరా అసిస్టెంటు మీద విరుచుకుపడ్డాడు. "రీలు సరిగ్గా ఎక్కించలేవా? నీ కళ్ళెక్కడున్నాయి?" పాపం అతను బిక్కచచ్చిపోయాడు. సినిమా నుంచి తప్పుకుంటానని చెప్పడానికి వచ్చిన కూతురు, భుజాన సంచితో గుమ్మంలోనే ఆగిపోయింది.

"అతన్నేమీ అనకు బాబూ" అన్నాడు అక్కడే ఉన్న కిటికీగారు. "నేనే కన్ను తీశాను."

ఎవరూ నమ్మలేదు. "మీరా? ఎక్కడ సార్?" అన్నాడు దర్శకుడు.

"చివరి చొక్కాకి బొత్తాం పెట్టింది చూడు, అక్కడ."

గుమ్మంలోంచి చిన్న గొంతు వినిపించింది. "పిడుగు పడినా తీయలేదన్నావుగా నాన్నా?"

"పిడుక్కి తీయలేదమ్మా" అన్నాడాయన, కళ్ళు తుడుచుకుంటూ.

ఆమె భుజాన ఉన్న సంచి తీసి కుర్చీలో పెట్టింది. ఆ చొక్కాలు ఎక్కడున్నాయని అసిస్టెంటుని అడిగింది.