మాల్‌ప్లాకేలో ఎడమ పక్క

నెమలికంఠం రంగు పట్టుచీరకు ఫాల్ కుడుతూ వెంకటేశ్వర్లు గోడ గడియారం వంక మూడోసారి చూశాడు. పదీ ఇరవై. చీర అంచును మోకాళ్ళ మీద పరుచుకుని, ఒక్కో కుట్టుకు ఒక్కో పోగును మాత్రమే సూదితో పట్టి లాగుతున్నాడు. ఫాల్ కుట్టినట్టు కనబడితే అది కుట్టే కాదని అతని నమ్మకం. గుడివాడలో ఇరవై ఏళ్ళు, దేశం దాటి వచ్చాక ఐసెలిన్‌లోని ఈ చీరల కొట్లో పదిహేనేళ్ళు అలాగే కుట్టాడు. జాకెట్టు ఒంటికి అతికినట్టు కుదిరిందని ఎవరైనా మురిసిపోతే ఆ మెప్పు కటింగ్ మాస్టరుకే పోయేది. హుక్కులూ కాజాలూ కుట్టినవాడెవడని అడిగినవాళ్ళు లేరు.

యాభై ఆరేళ్ళ బక్కపలచటి మనిషి. మెడ కొంచెం ముందుకు వంగింది. కుడి చూపుడువేలి కొన కాయ కాసి గవ్వలా గట్టిపడింది. పెళ్ళి కాలేదు. ముందు తమ్ముడికి సంబంధం కుదిరింది, ఆ సందట్లో ఇతని సంగతి ఇంట్లోవాళ్ళు మరిచిపోయారు. ఒంట్లో బీపీ లేదు, షుగరు లేదు. ఉన్నదల్లా కడుపుమంట, దానికి ఏ క్లినిక్‌లోనూ పరీక్ష చెయ్యరు. చిన్నప్పుడు తమ్ముడి కొత్త చెప్పుల మీద, పెద్దయ్యాక కటింగ్ మాస్టర్ల మీద, ఆర్నెల్లుగా నీరజ్ అనే కుర్రవాడి మీద.

"వెంకటేశ్వర్లుగారూ, పెళ్ళివాళ్ళు బ్లౌజులు మధ్యాహ్నం పికప్ చేసుకుంటారట. ఇవాళొక్కరోజు ఉండిపోకూడదూ?" అంది కొట్టు యజమానురాలు నాగమల్లేశ్వరి.

"కుదరదమ్మా. ముందే చెప్పాగా, ఇవాళ యుద్ధం ఉంది."

ఆవిడ నవ్వి ఊరుకుంది. ఏటా సెప్టెంబరులో ఒక శనివారం అతను ఈ మాట చెప్పి వెళ్ళిపోవడం ఆవిడకు అలవాటే. పదకొండింటికి అతను ఇస్త్రీ చొక్కా మార్చుకుని, తల దువ్వుకుని, బస్సెక్కి ఎడిసన్‌లో డాక్టర్ శేషగిరి ఇంటికి బయలుదేరాడు.

శేషగిరి ఎనభై మూడేళ్ళ రిటైర్డ్ సర్జన్. పదకొండేళ్ళ కిందట ఆయన ప్యాంట్లు నడుము తగ్గించడానికి వెళ్ళినప్పుడు వెంకటేశ్వర్లు బేస్‌మెంట్‌లో ఆ బల్ల చూశాడు. పెళ్ళిపందిట్లో పదిమంది కూర్చుని తినేంత బల్ల. దాని మీద ఆకుపచ్చ గుడ్డ, రెండు పక్కలా చిట్టడవులు, మధ్య ఖాళీ మైదానం, వేలిగోరంత సీసపు సిపాయిలు వేలకు వేలు.

"బొమ్మల కొలువా అండీ?" అని అడిగాడు.

డాక్టరు విరగబడి నవ్వాడు. తర్వాత కుర్చీ వేసి కూర్చోబెట్టి గంటసేపు చెప్పాడు. పదిహేడు వందల తొమ్మిదిలో, ఫ్రాన్స్ ఉత్తర సరిహద్దున మాల్‌ప్లాకే అనే పల్లె దగ్గర ఒక పక్క ఫ్రెంచివాళ్ళు, ఒక పక్క ఇంగ్లీషు, డచ్చి, ఆస్ట్రియా వాళ్ళ కూటమి. పొద్దున మంచు విడిచిన దగ్గర్నుంచి మధ్యాహ్నం దాకా ముప్ఫై వేలమందికి పైగా చచ్చో, గాయపడో నేలకొరిగారు. గెలిచిన కూటమి ఓడినవాళ్ళకు రెట్టింపు మందిని పోగొట్టుకుంది. ఆ యుద్ధాన్ని ఏటా నలుగురు కూర్చుని పాచికలతో, చీటీల మీద రాసిన ఆజ్ఞలతో మళ్ళీ నడుపుతారు. అసలు యుద్ధం జరిగిన తేదీ సెప్టెంబరు పదకొండు. ఆ రోజు మాత్రం డాక్టరు ఎప్పుడూ బల్ల పరవడు. ఆ వీధిలో ఇద్దరు ఒక సెప్టెంబరు పదకొండున పొద్దుటి రైలెక్కి వెళ్ళి తిరిగి రాలేదు. అందుకని తర్వాత వచ్చే శనివారం.

అప్పట్లో కూటమికి ఎడమ పక్క నడిపే మనిషి ఊరు మారిపోయాడు. ఆ చోటు వెంకటేశ్వర్లుకు దక్కింది. ఎడమ పక్క డచ్చి సైన్యం. కుర్ర యువరాజు ఒకడు వాళ్ళను సూటిగా ఫిరంగుల మీదికి తోలాడు, అరగంటలో అయిదువేలమంది పడిపోయారు. కానీ వాళ్ళు అలా పడుతున్నంతసేపూ ఎదుటి ఫ్రెంచి దళాలు అక్కణ్ణించి కదల్లేకపోయాయి, నడుమ ఉన్న కూటమి సేనాని మాల్‌బరో దారి చేసుకుని గెలిచాడు. పేరంతా మాల్‌బరోది. "ఎడమ పక్క చస్తేనే నడుమ గెలుపు" అని డాక్టరు చెప్పగానే వెంకటేశ్వర్లుకు ఠక్కున అర్థమైంది. అంత తొందరగా అర్థమైనవాణ్ణి తను చూడలేదని డాక్టరు అన్నాడు. ఆ మెప్పుతో అతను నెల రోజులు తిరిగాడు.

డచ్చి పటాలాలకు జాకెట్టు పీలికలతో జెండాలు కుట్టింది అతనే. ఏటా ముందుకు తోలేదీ, పడినవాళ్ళను పక్కకు ఒరగబెట్టేదీ, ఆట అయ్యాక ఒక్కొక్కణ్ణే లేపి గుడ్డతో తుడిచి పెట్టెలో పడుకోబెట్టేదీ అతనే. డాక్టరుది ఎప్పుడూ మాల్‌బరో కుర్చీ. ఆ ఇంట్లో కూర్చుని డాక్టరు చేతి కాఫీ తాగే దర్జీ ఐసెలిన్ మొత్తంలో తనొక్కడే.

అక్కడికి నీరజ్ వచ్చిపడ్డాడు. ఇక్కడే పుట్టినవాడు, ఏదో కంపెనీలో డేటా సైంటిస్టు. రెండు నెలల్లో ఆ యుద్ధం మీద నాలుగు పుస్తకాలు చదివేశాడు. డాక్టరు అతన్ని తిన్నగా కుడి పక్కకు అధిపతిని చేసి, మాల్‌బరోకి సరిసాటి అయిన యూజీన్ కుర్చీలో కూర్చోబెట్టాడు. వెనకొచ్చిన కొమ్ములు వాడి అని సామెత ఊరికే పుట్టలేదు.

ఇవాళ్టి సంగతి వేరు. డాక్టరు సాయంత్రం ఫ్లైట్‌కి కూతురు ఉషతో జార్జియాలోని కమ్మింగ్ వెళ్ళిపోతున్నాడు, ఇక రాడు. ఇల్లు అమ్మేశారు. పెద్ద కుర్చీ ఎవరికిస్తాడో ఇవాళ తేలాలి. తనకే ఇస్తాడని వెంకటేశ్వర్లు నమ్మకం. నమ్మకమంటే ఇస్త్రీ చొక్కా వేసుకున్నంత నమ్మకం.

అందరూ బల్ల చుట్టూ చేరారు. ఫ్రెంచి పక్కన పొరుగింటి ఫ్రాంక్, హైస్కూల్లో చరిత్ర చెప్పి రిటైరైన తెల్లాయన. డాక్టరు గొంతు సవరించుకున్నాడు.

"వచ్చే ఏడాది నుంచి బల్ల నీరజ్ ఇంట్లో ఉంటుంది. నా కుర్చీ కూడా నీరజ్‌దే."

"థాంక్యూ అంకుల్. ఐ మీన్, నాకు చాలా పెద్ద హానర్ ఇది" అన్నాడు నీరజ్. చెవులు ఎర్రబడ్డాయి.

డాక్టరు ఇటు తిరిగాడు. "వెంకటేశ్వర్లూ, నువ్వు ఎడమ పక్కనే ఉండవయ్యా. నువ్వు లేకపోతే అది చూసేవాళ్ళెవరు?"

ఆయన ప్రేమగానే అన్నాడు. వెంకటేశ్వర్లు చెవికి మాత్రం గుడివాడలో కటింగ్ మాస్టరు "నీకు కత్తెరెందుకురా" అన్నట్టు వినబడింది. పదకొండేళ్ళు! ఆర్నెల్లవాడికి కుర్చీ, పదకొండేళ్ళవాడికి మళ్ళీ అదే చావు. లోపల భగ్గుమంది. ఆ కుర్రవాడి మీద ఎంత మండిందో, నవ్వుతూ కూర్చున్న ముసలాయన మీద అంతకు రెట్టింపు మండింది.

ఆట మొదలైంది. ప్రతి విడతకూ ఎవరి ఆజ్ఞ వాళ్ళు చీటీ మీద రాసి, మడిచి, స్టీలు గిన్నెలో వేస్తారు. వెంకటేశ్వర్లు చీటీ మీద 'నిలబడాలి' అని రాశాడు. రెండో విడతలోనూ అదే రాశాడు, మూడోదాంట్లోనూ అదే.

కుడివైపు అడవిలో నీరజ్ ఒక్కో చెట్టుకూ కొట్లాడుతున్నాడు. డాక్టరు నడుమ గుర్రపుదళాన్ని సిద్ధం చేసి ఎడమ పక్కకేసి చూశాడు.

"ఏవయ్యా, కదలవా?"

"ఇంకా అదను రాలేదండీ."

డాక్టరు అడ్డు చెప్పలేదు. ఎడమ పక్క అతనిది, అక్కడ అతని మాటే చెల్లాలన్నది ఆ ఇంటి పద్ధతి. ఫ్రాంక్ కాసేపు అనుమానంగా చూశాడు. డచ్చివాళ్ళు కదలరని రూఢి చేసుకున్నాక తన కుడివైపు దళాలను ఒక్కొక్కటే నడుముకు జరిపాడు. డాక్టరు గుర్రాలు వెళ్ళి వాటి మధ్యలో ఇరుక్కున్నాయి. పాచికలు కూడా ఆయనకు కలిసిరాలేదు. మూడున్నరకు డాక్టరు తన గుర్రపురౌతును తనే పక్కకు ఒరగబెట్టాడు. పదకొండేళ్ళలో మాల్‌బరో ఓడిపోవడం అదే మొదలు.

వెంకటేశ్వర్లుకు లోపలి మంట చల్లారింది. ఒక్క నిమిషం హాయిగా కూడా ఉంది. ఆ తర్వాత డాక్టరు ఒరిగిన రౌతు పక్కనే పాచికలు సర్ది పెట్టడం కనిపించింది. ఆయనకిది ఆఖరి ఆట, దాన్ని తనే కావాలని చెడగొట్టాడు.

డాక్టరు బల్ల పట్టుకుని మెల్లగా చుట్టూ తిరిగి ఎడమ పక్కకు వచ్చాడు. పొద్దున పెట్టిన వరసలు పెట్టినట్టే ఉన్నాయి. వంగి చాలాసేపు చూశాడు.

"ఒక్కడూ పడలేదు" అన్నాడు.

ముందు వరసలో ఒక సిపాయిని వేలితో తడిమి వెంకటేశ్వర్లు వైపు తిరిగాడు.

"ఇన్నేళ్ళూ నా గెలుపు కోసం వీళ్ళని నీ చేత చంపించాను. ఒక్కసారీ నోరెత్తలేదు నువ్వు. ఇవాళ మాత్రం చేతులు రాలేదు కదూ, వీళ్ళని పడుకోబెట్టడానికి? నలభై ఏళ్ళు మనుషుల్ని కోసి కుట్టినవాణ్ణి. ఈ బుద్ధి నాకు పుట్టాల్సింది. నీకు పుట్టింది." నీరజ్ వైపు తిరిగాడు. "పుస్తకాలు చదివావు, బాగానే ఉంది. మిగతాది ఈయన దగ్గర నేర్చుకో."

'ఈయన' అన్నాడు డాక్టరు. పదకొండేళ్ళలో ఎప్పుడూ అనలేదు. నీరజ్ తల ఊపాడు గానీ మొహం చిన్నబోయింది. కళ్ళు డాక్టరు మీంచి వెంకటేశ్వర్లు మీదికీ, మళ్ళీ డాక్టరు మీదికీ తిరిగాయి. ఆ చూపు ఏమిటో ఇంకొకరు చెప్పక్కర్లేదు. అది ఆర్నెల్లుగా వెంకటేశ్వర్లు మొహాన ఉన్నదే.

"అది కాదండీ డాక్టర్‌గారూ, నేను..."

"నాన్నా, క్యాబ్ వచ్చేసింది. ఫ్లైట్ మిస్ అవుతాం" అని పైనుంచి ఉష కేకేసింది.

మెట్లెక్కేటప్పుడు డాక్టరు అతని భుజం మీద చెయ్యి వేసి బరువంతా ఆనించాడు. పదమూడు మెట్లున్నాయి. జాలితో కాదండీ, కుళ్ళుతో చేశాను అనడానికి అవి చాలు. ప్రతి మెట్టు దగ్గరా అతని నోటిదాకా వచ్చింది. పైకి చేరేసరికి వాకిట్లో సూట్‌కేసులు, ఉష హడావుడి. డాక్టరు కారెక్కి అద్దం దించాడు.

"వచ్చే ఏడాది ఏం చేశావో నాకు ఫోన్‌లో చెప్పాలి."

"అలాగేనండీ" అన్నాడు వెంకటేశ్వర్లు.

కారు మలుపు తిరిగి వెళ్ళిపోయింది. నీరజ్ బల్ల విప్పడానికి తన కారులోంచి పనిముట్లు తెస్తానన్నాడు. వెంకటేశ్వర్లు ఒక్కడే కిందికి దిగాడు. పడినవాళ్ళను లేపే పని ఈ ఏడు అతనికి లేదు. నిలబడ్డవాళ్ళనే ఒక్కొక్కణ్ణీ తుడిచి పెట్టెలో పడుకోబెట్టాడు. అది అయ్యాక డాక్టరు కూర్చున్న వైపుకు వెళ్ళి చీటీలు పోగుచేస్తుంటే వాటి కింద ఆయన చదువుకునే కళ్ళజోడు కనబడింది.

పోయిన శీతాకాలం దాని కాడ దగ్గర మర ఊడిపోతే, అప్పటికి పని జరగడానికి వెంకటేశ్వర్లే జేబులో ఉన్న పసుపు దారంతో కట్టాడు. రేపే షాపులో ఇచ్చి బాగు చేయించుకోమని చెప్పాడు కూడా. ఆ తర్వాత ఉష రెండు కొత్త కళ్ళజోళ్ళు కొని పంపిందని విన్నాడు.

"అంకుల్, డాక్టర్ అంకుల్ ఏమైనా మర్చిపోయారా? నేను షిప్ చేసేస్తాను" అని మెట్ల మీంచి నీరజ్ అడిగాడు.

"ఏం లేదు బాబూ" అన్నాడు వెంకటేశ్వర్లు, కళ్ళజోడు మీద అరచెయ్యి కప్పి.

రోజూ డాక్టరు వేళ్ళు తగిలి తగిలి పసుపు దారం మట్టిరంగుకు తిరిగింది, ముడి మాత్రం అతను వేసింది వేసినట్టే ఉంది.